పంట ఐలమ్మది, పాస్‌బుక్ ఎవరిది?

ఏటా సెప్టెంబర్‌లో చాకలి ఐలమ్మ రెండుసార్లు గుర్తొస్తుంది, 10న వర్ధంతి, 26న జయంతి. విగ్రహానికి దండలు పడతాయి, నాయకులు మాట్లాడి వెళ్తారు. 2024లో కోఠి మహిళా విశ్వవిద్యాలయానికి ఆమె పేరు పెట్టారు. మంచిదే. కానీ ఈ సందడిలో ఎవరూ ఎత్తని సంగతి ఒకటుంది. ఐలమ్మ కౌలు రైతు.

బట్టలు ఉతకడం ఆ ఇంటి కులవృత్తి. దొర గడీ పిలిస్తే వెట్టికి పోవాల్సిన బతుకు. అలాంటి మనిషి మల్లంపల్లి భూస్వామి దగ్గర భూమి కౌలుకు పట్టి, పాలకుర్తిలో సొంతంగా వ్యవసాయం పెట్టుకుంది. పైగా ఆంధ్ర మహాసభలో, అంటే జనం నోట్లో 'సంఘం'లో చేరింది. విసునూరు దేశ్‌ముఖ్ రామచంద్రారెడ్డికి కంటగింపైంది అదే. నాలుగెకరాల వడ్లు ఆయనకో లెక్కా? చాకలామె రైతు కావడమే మింగుడుపడలేదు. కోతకొచ్చిన పంట మీదికి మనుషుల్ని పంపాడు. భీమిరెడ్డి నరసింహారెడ్డి లాంటి సంఘం కార్యకర్తలు అడ్డం నిలబడి ధాన్యాన్ని ఆమె ఇంటికి చేర్చారు. దానికి ఆ కుటుంబం దాడులు, కేసులు, జైళ్లతో మూల్యం చెల్లించింది.

తర్వాతి చరిత్ర తెలిసిందే. 1946 జూలై 4న కడవెండిలో సంఘం కార్యకర్త దొడ్డి కొమరయ్య నేలకొరిగాడు, తెలంగాణ రైతాంగ సాయుధ పోరాటం 1951 దాకా సాగింది. ఆ వేడి ఇంకా చల్లారకముందే, 1950లో హైదరాబాద్ కౌలుదారీ చట్టం వచ్చింది. రక్షిత కౌలుదారు, అంటే యజమాని ఇష్టమొచ్చినట్టు వెళ్లగొట్టలేని కౌలు రైతు, అనే మాటకు చట్టంలో చోటు దొరికింది. నా దృష్టిలో ఐలమ్మ వారసత్వం విగ్రహాల్లో కంటే ఆ మాటలోనే ఎక్కువుంది.

ఆ మాటకు ఇప్పుడు విలువెంత? భూమి రికార్డైన పహాణీలో, సాగు ఎవరు చేస్తున్నారో రాసే కాస్తు కాలమ్ ఒకప్పుడు ఉండేది, ధరణి పోర్టల్ వచ్చాక కనిపించకుండా పోయింది. 2018లో ఎకరానికి పంటకు రూ.4,000తో మొదలైన రైతుబంధు పెట్టుబడి సాయం పట్టాదారుకే పడింది, ఆయన నాగలి ముట్టినా ముట్టకపోయినా. అదే ఏడాది వచ్చిన రూ.5 లక్షల రైతుబీమాదీ అదే తీరు. అప్పులపాలై కౌలు రైతు చనిపోతే, పేరు మీద గుంట భూమి లేదు కాబట్టి ఇంటివాళ్లకు బీమా రాదు. కౌలు రైతుల కోసం తెచ్చిన 2011 చట్టం కింద ఇవ్వాల్సిన రుణ అర్హత కార్డుల ఊసే లేదు. కార్డు ఇస్తే భూమి పోతుందేమోనని యజమానికి టెన్షన్, అడిగితే వచ్చే ఏడు కౌలుకివ్వడేమోనని రైతుకు భయం.

ఐలమ్మ పేరున పథకాలు పెట్టడం తేలిక, పైసా ఖర్చుండదు. కాస్తు కాలమ్ తిరిగి రాయాలంటే మాత్రం భూమి ఉన్నవాళ్ల కోపానికి సిద్ధపడాలి, వాళ్లకు ఓట్లూ ఉన్నాయి, పలుకుబడీ ఉంది. ఈలోగా కౌలు రైతు పంట రాకముందే కౌలు కడుతున్నాడు. వడ్లు అమ్ముకోవడానికి కొనుగోలు కేంద్రానికి వెళ్తే, అక్కడా మొదట అడిగేది పట్టా పాస్‌బుక్కే.