ఆ ఫ్లెక్సీలో ఉన్నది మా ఖోఖో పిల్ల

పొద్దున స్కూలుకు పోతూ చౌరస్తా దగ్గర స్కూటీ ఆపేశాను. కరెంటు స్తంభానికి కట్టిన పెద్ద ఫ్లెక్సీ మీద మా ఎనిమిదో తరగతి పిల్ల ఉంది. పట్టుచీర, వడ్డాణం, నడుము దాకా పూలజడ, పెదాలకు ఎర్రరంగు. పైన పెద్ద అక్షరాలతో "నూతన వస్త్రాలంకరణ మహోత్సవం". కింద వరుసగా పెద్దమనుషుల ఫొటోలు, ఒక్కొక్కరి కింద వాళ్ల పదవి. పిల్ల పేరు కంటే వాళ్ల పేర్లే కొట్టొచ్చినట్టు కనిపిస్తున్నాయి. ఇప్పుడు రాత్రి తొమ్మిదిన్నర అయింది. పొద్దటి కోపం ఇంకా దిగలేదు.

నూతన వస్త్రాలంకరణ అంటే ఏమిటో మన దగ్గర చిన్నపిల్లాడికి కూడా తెలుసు. పదమూడేళ్ల పిల్ల పెద్దమనిషి అయింది అని ఊరందరికీ చెప్పడం. అదే ఇంట్లో ఆ పిల్లకు ప్యాడ్లు కావాలంటే వాళ్లమ్మ మెడికల్ షాపులో మగవాళ్లు పోయేదాకా ఆగుతుంది, పేపర్లో చుట్టించి, నల్ల కవర్లో వేయించి తెస్తుంది. తమ్ముడి కంట పడొద్దు, నాన్నకు తెలియొద్దు, పేరు పెట్టి అనొద్దు, "డేట్" అనాలి. ఇంట్లో తమ్ముడికి తెలియకూడని సంగతి చౌరస్తాలో ఆటో డ్రైవర్లకు, బస్సు కోసం నిలబడ్డ కాలేజీ పోరగాళ్లకు తెలియొచ్చా? ఎవరిని అడిగినా దీనికి జవాబు చెప్పరు. "ఆచారం మేడం" అంటారు. ఫ్లెక్సీ ఎప్పటి ఆచారం? నా చిన్నప్పుడు వరంగల్ మొత్తం వెతికినా ఒక్క ఫ్లెక్సీ లేదు.

ఆ పిల్ల గురించి చెప్పాలి. ఫ్లెక్సీలో ఉన్న పిల్ల వేరు, నాకు తెలిసిన పిల్ల వేరు. మా బడిలో ఖోఖో ఆడుతుంది. స్తంభం దగ్గర ఒంటిని విసిరేసి డైవ్ కొడితే మా పీఈటీ సార్ నోట మాట రాదు. మోకాళ్ల నిండా గీరుకుపోయిన మచ్చలు. లెక్కల్లో కొంచెం వెనక, కానీ బోర్డు దగ్గరకు పిలిస్తే భయపడదు, తప్పు చేస్తే చెరిపేసి మళ్లీ చేస్తుంది. ఈ శుక్రవారం మండల స్థాయి సెలెక్షన్స్ ఉన్నాయి. అండర్-14లో ఆడటానికి ఆమెకు ఇదే ఆఖరి ఏడు.

పదకొండు రోజులు బడికి రాలేదు. ఎఫ్ఏ పరీక్షల్లో లెక్కలు, సైన్సు రెండూ పోయాయి. నిన్న ఆదివారం ఫంక్షన్ అయింది, ఈ రోజు వచ్చింది. చున్నీకి రెండు భుజాల దగ్గరా పిన్నులు. ఆటల పీరియడ్లో అందరూ గ్రౌండులో ఉంటే ఈమె క్లాసులో చివరి బెంచీ మీద ఒక్కతే కూర్చుంది. పోయి అడిగాను.

"మమ్మీ వద్దన్నది మేడం. ఇగ ఉరుకొద్దట."

"ఎవరన్నరే?"

"అందరు."

తల ఎత్తలేదు. బోర్డు దగ్గర తప్పు చేసినా తల దించని పిల్ల అది. పదకొండు రోజుల్లో ఎవరు ఏం చెప్పారో, ఎన్నిసార్లు చెప్పారో, ఆ ఒక్క మాటలో అన్నీ ఉన్నాయి. గట్టిగా నవ్వొద్దు, కాళ్లు చాపుకొని కూర్చోవద్దు, తమ్ముడి స్నేహితులు వస్తే లోపలికి పో, అన్నం గిన్నె ముట్టకు, ఉరకకు. ఎందుకు ఉరకొద్దో చెప్పినవాళ్లు ఒక్కరూ ఉండరు.

స్టాఫ్ రూమ్‌లో చెబితే మా తోటి టీచర్ ఒకామె, "వాళ్ల ఇంటి విషయం మేడం, మనకెందుకు టెన్షన్?" అంది. ఇద్దరు ఆడపిల్లల తల్లి ఆమె. అంతకంటే ఎక్కువ రాస్తే రేపు ముఖం చూడలేను, అందుకని ఆపుతున్నాను. కానీ మనకెందుకు అని మనమే అంటే ఇంకెవరు అడగాలి?

సాయంత్రం వాళ్లింటికి పోయాను. తల్లి మీద కోపంతోనే పోయాను, నిజం చెబుతున్నాను. అక్కడ కూర్చున్నాక ఆ కోపం ఎవరి మీద పెట్టాలో తెలియలేదు. ఆమె బీడీలు చుడుతుంది. ఫంక్షన్ హాలు, బగారా అన్నం, మటన్, డీజే, అన్నీ అప్పే. "మందికి ఎన్నేండ్ల సంది కట్నాలు పెట్టుకుంట వస్తున్నం మేడం. మనింట్ల ఫంక్షన్ జేయకుంటె అవన్ని ఎట్ల తిరిగొస్తయి?" అని అడిగింది. చదివింపులు రాసుకున్న పుస్తకం తెచ్చి చూపించింది. ఎవరు ఎంత రాయించారో పేర్ల ఎదుట అంకెలు. మన దగ్గర చుట్టరికం మొత్తం ఇట్లాంటి పుస్తకాల్లోనే నడుస్తోంది. ఇంట్లో పెళ్లికి ఈడొచ్చినవాళ్లు లేకపోతే ఆ లెక్క తేల్చడానికి పదమూడేళ్ల పిల్ల నెలసరి కావాలి. నాకు ఏడుపొచ్చింది.

ఫంక్షన్ చేయడమే తప్పని నేను అనను. నా మొదటిసారి మా మేనత్త తన చేత్తో నువ్వులు, బెల్లం దంచి తినిపించింది, పొద్దున్నే నూనె పెట్టి తలంటింది, పక్కన పడుకొని భయపడకు అని చెప్పింది. ఆ నాలుగు రోజులు నన్ను అంత ముద్దు చేసినవాళ్లు మళ్లీ లేరు. అది ఇంట్లో ఆడవాళ్లందరూ నా చుట్టూ కూర్చున్న వేడుక. దాన్ని స్తంభానికి కట్టింది ఎవరు? మామ కొడుకు వరసైనవాళ్ల కళ్లు ఆ పిల్ల మీద పడాలని, "పిల్ల ఎదిగింది, చూసుకోండి" అని చెప్పినట్టు ఫొటో వేయించింది ఎవరు? ఉరికితే అందరూ చూస్తారని భయపడే ఇంటివాళ్లే అందరూ చూసేటట్టు పెట్టారు. ఇదే నాకు తట్టుకోలేనంత మంట.

పదమూడేళ్లంటే ఏమిటో మన తెలంగాణ పిల్లలే చూపించారు కదా! నిజామాబాద్ జిల్లా పాకాలకు చెందిన మలావత్ పూర్ణ 2014 మే 25న ఎవరెస్ట్ ఎక్కినప్పుడు ఆమెకు పద్నాలుగు కూడా నిండలేదు. ప్రభుత్వ గురుకులంలో చదువుకున్న పిల్ల. ఆ వయసులో ఆమెకు కూడా "ఇగ ఎక్కొద్దు" అని చెప్పి మూలన కూర్చోబెట్టి ఉంటే? మన వరంగల్ జిల్లా కల్లెడ పిల్ల జీవాంజి దీప్తి 2024లో పారిస్ పారాలింపిక్స్‌లో 400 మీటర్ల పరుగులో కంచు పతకం తెచ్చింది. చిన్నప్పుడు ఆ పిల్లను చూసి ఊళ్లో నవ్వినవాళ్లున్నారని వాళ్ల అమ్మానాన్నలే చెప్పుకున్నారు. ఉరికింది కాబట్టే పతకం వచ్చింది. ఈ పిల్లలు గెలిచిన రోజు మనందరం స్టేటస్‌లు పెట్టాం, గర్వంగా ఉందన్నాం. మన ఇంట్లో పిల్లను మాత్రం ఉరకొద్దంటాం.

ఇక ఆ ఇంట్లో నన్ను పూర్తిగా కాల్చిన మాట తండ్రి నోట వచ్చింది. మంచివాడే. నాకు కుర్చీ వేసి, చాయ్ తెప్పించి, "మీరేం రంది పెట్టుకోకుండ్రి మేడం, మా బిడ్డ మాకు కొడుకు లెక్క, ఎంతదాక చదివితే అంతదాక చదివిస్తం" అన్నాడు.

కొడుకు లెక్క. ఈ మాట నేను ముప్పై ఏళ్లుగా వింటున్నాను. మెచ్చుకుంటున్నామనే అనుకుంటారు. బిడ్డకు బిడ్డగా విలువ లేదా? చదివించాలంటే ముందు ఆమెను కొడుకుగా లెక్కేసుకోవాలా?

మా ఓరుగల్లులో ఏ పిల్ల కొంచెం గట్టిగా మాట్లాడినా రుద్రమ అంటారు. సుమారు 1262 నుంచి 1289 దాకా రాజ్యమేలిన మనిషి. ఆ రుద్రమను కూడా శాసనాల్లో రుద్రదేవ మహారాజు అని రాశారు. గణపతిదేవుడికి కొడుకులు లేరు, కూతురు చేతికే రాజ్యం ఇచ్చాడు, ఇస్తూ మగ పేరు తొడిగారు. ఏడు వందల ఏళ్లు దాటిపోయాయి. కోటలో రాళ్లు కూడా అరిగిపోయాయి, ఈ అలవాటు మాత్రం అరగలేదు.

మా బాపు కూడా ఇదే అంటాడు. డెబ్బై ఆరేళ్లు, నా దగ్గరే ఉంటాడు. ఇంటికి ఎవరొచ్చినా "నా బిడ్డ నాకు కొడుకు లెక్క" అంటాడు. నేను వంటింట్లో నిలబడి వింటాను. ప్రతిసారీ 1996 గుర్తొస్తుంది.

ఆ ఏడు నాకు ఇంటర్ ఎంపీసీ అయిపోయింది. మా ఇల్లు కాజీపేటలో. రోజూ బస్సులో ఆర్ఈసీ గేటు ముందు నుంచి పోయేదాన్ని, ఇప్పుడు నిట్ అంటున్నారు, అదే. అందులో సీటొచ్చే ర్యాంకు కాదు నాది. కానీ ఇంకో జిల్లాలో ఇంజినీరింగ్ సీటు వచ్చేది. హాస్టల్లో ఉండాలి. "ఆడపిల్లను ఊరు గాని ఊర్ల ఎట్ల ఉంచుతం, ఆడపిల్ల అంటె ఆడ పిల్లనే, ఈడ పిల్ల గాదు" అన్నాడు బాపు. అమ్మ ఏమీ అనలేదు. ఇంటికి దగ్గరలో డిగ్రీలో చేర్పించారు. రెండేళ్లకు తమ్ముడికి ఇంటర్ అయింది. ర్యాంకు నాకంటే చాలా వెనక వచ్చింది. వాడిని లాంగ్ టర్మ్ కోచింగుకు గుంటూరు పంపారు. ఒక ఏడు కాదు, రెండేళ్లు. ఇరవై గుంటల పొలం అమ్మారు. నాకు హాస్టల్ ఫీజు లేదన్న ఇంట్లోనే ఆ పొలం ఉండింది! ఊరు గాని ఊరు మగపిల్లాడికి ఊరు గాని ఊరు కాదా?

తమ్ముడి మీద నాకు కోపం లేదు, వాడికప్పుడు పదిహేడేళ్లు. నేను డిగ్రీ చేశాను, బీఈడీ చేశాను, డీఎస్సీ రాసి టీచర్నయ్యాను. లెక్కలు చెప్పడం నాకు ఇష్టం. అయినా ఆ పొలం పక్క నుంచి బస్సు పోతే ఇప్పటికీ కిటికీ అవతలికి తల తిప్పుకుంటాను. బాపూ, నేను కొడుకు లెక్క చూసుకోవట్లేదు. బిడ్డను కాబట్టే చూసుకుంటున్నాను. ఈ మాట ఆయన ముందు ఒక్కసారి కూడా అనలేకపోయాను. ఇక్కడ రాస్తున్నాను.

ఇంకొకటి. కళ్యాణలక్ష్మి కింద పెళ్లికి లక్షా నూట పదహారు రూపాయలు ఇస్తారు. పద్దెనిమిది నిండాలన్న షరతు మంచిదే, దాని వల్ల ఆగిన పెళ్లిళ్లు నాకే తెలుసు. కానీ మా పిల్లల తల్లులు ఆ పద్దెనిమిదిని చదువుకు లెక్కగా చూడరు, పెళ్లికి గడువుగా చూస్తారు. చెక్కు ఇస్తూ నాయకులు దిగిన ఫొటోలు ఎన్నో చూశాను. డిగ్రీ పాసైన ఆడపిల్ల ఇంటికి ఒక్కరు వచ్చి ఫొటో దిగడం నేను చూడలేదు. ఇక మా బడి ఆడపిల్లల బాత్రూం తలుపుకు గొళ్లెం లేక నాలుగు నెలలైంది. ఒకరు లోపలికి పోతే ఇంకొకరు తలుపు పట్టుకొని నిలబడాలి. ఆ నాలుగు రోజులు పిల్లలు పొద్దున్నుంచి సాయంత్రం దాకా నీళ్లు తాగరు. ఫ్లెక్సీ మీద ఉన్న అంతమంది పెద్దమనుషుల్లో ఒక్కరికి ఒక గొళ్లెం బరువైందా? రేపు నేనే కొని పెట్టిస్తాను, ఆ విషయంలో ఇంక ఎవరినీ అడగను.

వచ్చేటప్పుడు ఫ్లెక్సీ తీసేయండని ఆ తండ్రిని అడిగాను. "ఇంకో రెండు దినాలు ఉండనియ్యుండ్రి మేడం, పైసలు పెట్టినం గద" అన్నాడు. ఖోఖో సంగతి అడిగితే ఇద్దరూ ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. "రేపు ఫోన్ జేస్తం" అంది తల్లి. పిల్ల తలుపు వెనక నిలబడి వింటోంది. వాకిట్లో ఆ పిల్ల బూట్లు కడిగి ఎండబెట్టి ఉన్నాయి. తల్లిని అడిగితే తాను కడగలేదంది.

లిస్టు గురువారం సాయంత్రం మండలానికి పంపాలి. మా పీఈటీ సార్ ఆ పిల్ల పేరు కొట్టేసి ఇంకో పిల్ల పేరు రాయబోతే పెన్ను లాక్కున్నాను. పేరు ఇంకా అట్లాగే ఉంది.