కాగితం లేని పులి

1919లో ఆదిభట్ల నారాయణదాసు ప్రిన్సిపాల్‌గా సంగీత కళాశాల మొదలైన ఊరు మాది. అయినా విజయనగరం కళల్లో వెనకబడిపోయిందని నాకు మొన్న దసరాల్లో తెలిసింది. ఒక హాల్లో ఒక యువకళాకారుడు నలభై నిమిషాలు ఉడుములా నేల మీద పాకాడు. మధ్యలో ఆగి, మా వరస వైపు రెప్ప వెయ్యకుండా చూస్తూ ఉండిపోయాడు. నా పక్కాయన కంగారుగా చొక్కా బొత్తాలు తడుముకున్నాడు.

గుమ్మం దగ్గర ఇచ్చిన కాగితంలో ‘శరీర సన్నిధి’, ‘మానవేతర ఉనికి’ అని ఉంది. చదవకముందు ఉడుము, చదివాక కళ.

దీన్ని వేళాకోళంగా తీసుకోకండి. 1974లో జర్మన్ కళాకారుడు జోసెఫ్ బాయిస్ న్యూయార్క్ గ్యాలరీలో కయోటీతో కాపురమున్నాడు. అది తోడేలుకి దాయాది. 1994లో ఓలెగ్ కులిక్ అనే కళాకారుడు మాస్కోలో గొలుసు కట్టించుకుని, ఒంటి మీద నూలుపోగు లేకుండా కుక్కై మొరిగాడు. రెండేళ్లకి స్టాక్‌హోమ్‌లో చూడవచ్చినవాణ్ణి కరిచాడు. పోలీసులు పట్టుకెళ్లారు, చరిత్రకెక్కాడు. మా వీధికుక్క కరిస్తే మునిసిపాలిటీ బండి ఎక్కుతుంది.

ఇక మనవాళ్లు. కోడి రామమూర్తి సర్కస్‌లో ఏనుగుని రొమ్ము మీద ఎక్కించుకునేవాడు గాని, ఏనుగు అంతరంగం గురించి ఒక్క ముక్కయినా రాసి పంచాడా? పులివేషగాడు మరీ అన్యాయం. ఒళ్లు గొరిగించుకుని, పెయింటు పూయించుకుని, అది ఆరేదాకా చేతులు చాపుకుని నిలబడతాడు. తర్వాత డప్పుకి తగ్గట్టు అడుగేస్తాడు, తోక విసురుతాడు, మేకపిల్లని పళ్లతో పట్టి లేపుతాడు. ఇంత పని అతనే చేసేస్తే చూసేవాళ్లకి ఆలోచించుకోడానికేం మిగులుతుంది? పైగా పిల్లలు నిజంగానే జడుసుకుంటారు.

ఈ లోపాలు మెత్తగా చెబుదామని మా పులివేషగాడి దగ్గరికి వెళ్లాను. కిరసనాయిలు గుడ్డతో చెవి వెనక రుద్దుకుంటున్నాడు. పసుపురంగు ఓ పట్టాన వదలడం లేదు.

“కిటికీలోంచి నానూ సూసినాను బావూ. ఆ కుర్రోడికి నడుం పట్టేసినాదేటి?”

“కాదు. సన్నిధి.”

“ఏ గుడి సన్నిధి?”

జాలేసింది. “తోక తీసెయ్. డప్పు మానిపించు. కదలకుండా కూర్చో” అన్నాను.

“కదలకుండా కూకుంటే పది రూపాయలు ఎవులిత్తారు బావూ?”

“ఇక్కడెవరూ ఇవ్వరు. ఢిల్లీలో ఇస్తారు. గ్రాంటు అంటారు.”

“పులికేనా?”

“పులికి కాదు. కాగితానికి.”

గుడ్డ మడతేసి, రెండో చెవి అందుకున్నాడు. చదువు రానివాడికి ఎంత చెప్పినా అంతే.

తిరిగొస్తుంటే గంటస్తంభం దగ్గర ఆటోలన్నీ ఆగిపోయి ఉన్నాయి. నడిరోడ్డు మీద ఒక ఆంబోతు పడుకుంది. హారన్లు మోగుతున్నా చెవి కూడా కదపడం లేదు. అంత సన్నిధి నేను హాల్లోనూ చూడలేదు. దగ్గర్లో కాగితమేదైనా ఉందేమోనని వంగి చూశాను.

ఉంది. సగం నమిలేసింది.