కాంట్రా కొనుక్కోవచ్చు, మారియో మాత్రం అద్దెకే

దసరా సెలవులకి అమ్మమ్మ వాళ్లింటికి వెళ్తే మా పిల్లలందరికీ ఒకటే యావ: టీవీకి తగిలించే వీడియో గేమ్. పసుప్పచ్చ క్యాసెట్ మీద ‘9999 ఇన్ 1’ అని ఉండేది. లోపల ఉన్నవి పది పన్నెండు గేములే, వాటినే తిప్పి తిప్పి చూపించేది. బొమ్మ రాకపోతే క్యాసెట్ బయటికి తీసి, ఉఫ్ అని ఊది, మళ్లీ పెట్టేవాళ్లం. రెండు రిమోట్లూ పని చేస్తే కాంట్రా, ఒక్కటే పని చేస్తే మారియో. తొంభైల్లో ఆంధ్ర, తెలంగాణ ఊళ్లలో పెరిగిన చాలామందికి ఈ మాట చెప్తే చాలు, చేతులు వాటంతట అవే బటన్లు వెతుక్కుంటాయి.

ఆ పెట్టె జపాన్ కంపెనీ నింటెండో చేసిన ఫ్యామికామ్ అనే గేమ్ మెషీన్‌కి నకలని అప్పట్లో మాకు తెలియదు. ఆ క్యాసెట్ మీద ఖర్చు పెట్టిన డబ్బులో ఒక్క రూపాయి కూడా ఆ గేములు తయారు చేసిన జపాన్ వాళ్లకి చేరలేదని పెద్దయ్యాక తెలిసింది. సొంత సంపాదన వచ్చాక కాంట్రా, మారియో రెండింటినీ న్యాయంగా డబ్బు కట్టి కొనుక్కోవాలనిపించింది. కొనాలని కూర్చున్నాకే ఈ వ్యాసం రాయాలన్న ఆలోచన పుట్టింది. పాత గేములు కొనడానికి డబ్బు పట్టుకుని వచ్చే వాళ్లకి ఏళ్ల తరబడి ఒక్కో తలుపూ మూసుకుంటూ పోతున్నారు. ఇది సాంకేతిక సమస్య కంటే ఎక్కువగా వ్యాపార నిర్ణయం.

ముందు కాంట్రా సంగతి. గేములు అమ్మే ఆన్‌లైన్ స్టోర్‌లో ఆ పేరు కొడితే 2024లో వచ్చిన ‘ఆపరేషన్ గలూగా’ లాంటి కొత్తవి కూడా కళ్ల ముందుకొస్తాయి. మన చిన్నప్పటిది విడిగా ఆ పేరుతో ఉండదు. దాన్ని తయారు చేసిన కొనామీ కంపెనీ 2019లో తెచ్చిన ‘కాంట్రా ఆనివర్సరీ కలెక్షన్’ అనే మూటలో ఉంటుంది. అందులో ఆర్కేడ్ (బయట నాణెం వేసి ఆడే మెషీన్) కాంట్రా ఉంది, ఇంటి టీవీలో ఆడిన కాంట్రా ఉంది, దాని జపాన్ వెర్షన్ కూడా ఉంది. నింటెండో స్విచ్, సోనీ ప్లేస్టేషన్, మైక్రోసాఫ్ట్ ఎక్స్‌బాక్స్, పీసీ, అన్నింటి మీదా విడుదలైంది. ఒకసారి కొంటే చాలు, నెలనెలా కట్టేదేమీ లేదు. పైకి, పైకి, కిందికి, కిందికి అంటూ మొదలయ్యే ఆ ముప్పై ప్రాణాల కిటుకు వేళ్లకి ఇంకా గుర్తుందో లేదో చూసుకోవచ్చు.

పాత గేమ్ వెతకడంలో అసలు చిక్కు ఇక్కడే ఉంది. కొత్త గేమ్‌ని దాని పేరుతో అమ్ముతారు. పాత గేమ్ ఏ పేరుతో ఉంటుందో ముందుగా చెప్పలేం. ఏదో ఒక కలెక్షన్‌లో భాగంగా ఉండొచ్చు, రీమాస్టర్‌గా (కొత్త మెషీన్లకి మెరుగులు దిద్దిన వెర్షన్‌గా) మారి ఉండొచ్చు, హామ్‌స్టర్ సంస్థ అమ్మే ‘ఆర్కేడ్ ఆర్కైవ్స్’ వరుసలో ఉండొచ్చు, సబ్‌స్క్రిప్షన్ కట్టిన వాళ్లకి మాత్రమే కనిపించే జాబితాలో ఉండొచ్చు. తేదీని నమ్ముకుందామన్నా కుదరదు, చాలాచోట్ల మొదట వచ్చిన ఏడాది కాకుండా ఆ స్టోర్‌లో పెట్టిన రోజే కనిపిస్తుంది. 1990ల గేములు మాత్రమే చూపించమని అడిగే సదుపాయం పెద్ద కన్సోల్ స్టోర్లలో నేను ఎక్కడా చూడలేదు. లైబ్రరీలో పుస్తకాలన్నీ కొత్తగా అట్టలేసిన తేదీ ప్రకారం సర్దితే ఎలా ఉంటుందో అలా ఉంది. అందుకే నా పద్ధతి మార్చుకున్నాను. గేమ్ పేరు వదిలేసి, దాన్ని తయారు చేసిన కంపెనీ పేరు పక్కన ‘కలెక్షన్’ అని కొడుతున్నాను. పది సార్లలో ఆరేడు సార్లు పని జరుగుతోంది.

మారియో విషయానికొస్తే, అది వెతుకులాటతో తేలే సమస్య కాదు.

1985 నాటి ‘సూపర్ మారియో బ్రదర్స్’ని నింటెండో ఒకప్పుడు చక్కగా విడిగా అమ్మింది. 2006లో వీ (Wii) అనే కన్సోల్‌తో పాటు ‘వర్చువల్ కన్సోల్’ అనే పాత గేముల దుకాణం తెరిచింది. అక్కడ ఈ గేమ్ ధర 500 పాయింట్లు, అంటే 5 డాలర్లు. తర్వాత వీ యూ కన్సోల్ వచ్చినప్పుడు, పాత దాంట్లో కొన్నవాళ్లు మరో డాలర్ కడితే కొత్త దాంట్లో ఆడుకునే వీలిచ్చింది. ఇంతవరకు బాగానే ఉంది. 2019 జనవరి 30న వీ దుకాణం మూతపడింది. 2023 మార్చి 27న వీ యూ, చేతిలో పట్టుకుని ఆడే 3డీఎస్ దుకాణాలు కూడా మూసేశారు. ఆఖరి రోజుల్లో ఒక అమెరికన్ యూట్యూబర్ ఆ రెండు దుకాణాల్లో ఉన్న గేములన్నీ వరసపెట్టి కొనుక్కుంటూ పోయాడు. వీ యూలో 866, 3డీఎస్‌లో 1,547 గేములకి 22,791 డాలర్లు ఖర్చయ్యాయట. పిచ్చి పనే అనిపించొచ్చు. కానీ తెల్లారితే ఇంకెప్పుడూ కొనలేమన్న భయం అందులో కనిపిస్తుంది, ఆ భయానికి కారణం ఉంది.

స్విచ్‌కి వచ్చేసరికి ఆ గేమ్ విడిగా లేదు. ఏడాదికి 20 డాలర్ల నింటెండో ఆన్‌లైన్ చందా కడితే మిగతా వాటితో కలిపి అది కూడా ఆడుకోవచ్చు. కట్టడం మానేస్తే ఆగిపోతుంది. ‘ఆర్కేడ్ ఆర్కైవ్స్’ వరుసలో ‘వర్సెస్ సూపర్ మారియో బ్రదర్స్’ అనే ఆర్కేడ్ వెర్షన్ విడిగా అమ్ముతున్నారు. దాంట్లో కొన్ని లెవెల్స్ వేరు, కష్టమూ ఎక్కువ. మనదే అనుకుని కొంటే నిరాశ తప్పదు. ఇక వీ కన్సోల్‌లో కొన్నవాళ్లు ఇప్పుడేం కట్టినా ఆ కొనుగోలు స్విచ్‌కి రాదు.

చందా పద్ధతి చెడ్డదని నేను అనను. పదీ ఇరవై పాత గేములు రుచి చూద్దాం అనుకునేవాళ్లకి అంతకంటే చవక బేరం లేదు. నా అభ్యంతరం ఒక్కటే. చందాతో పాటు విడిగా అమ్మకం కూడా ఉంచితే నింటెండోకి పోయేదేమీ లేదు. 5 డాలర్లకి ఒకసారి కొనుక్కుని ఇరవై ఏళ్లు ఆడుకునేవాడిని, ఏడాదికి 20 డాలర్లు కట్టేవాడిగా మార్చాలన్న లెక్క తప్ప, విడి అమ్మకం ఎత్తేయడానికి నాకు ఇంకో కారణం కనిపించడం లేదు. పైగా మన దేశంలో నింటెండో అధికారికంగా దుకాణం తెరవనే లేదు. ఇక్కడ స్విచ్ ఉన్నవాళ్లలో చాలామంది అమెరికా అకౌంట్ పెట్టుకుని, డాలర్ల గిఫ్ట్ కార్డులు ఎక్కడో వెతికి కొనుక్కుంటూ నెట్టుకొస్తున్నారు.

సోనీ కథ వేరు. 2021 మార్చిలో పీఎస్3 (ప్లేస్టేషన్ 3), చేతిలో పట్టుకుని ఆడే పీఎస్పీ, వీటా దుకాణాలు మూడింటినీ ఆ వేసవిలోనే మూసేస్తామని ప్రకటించింది. అభిమానులు గట్టిగా గొడవ చేశారు. నెల తిరక్కుండానే అప్పటి ప్లేస్టేషన్ అధినేత జిమ్ ర్యాన్ ఆ నిర్ణయం తప్పేనని ఒప్పుకుని పీఎస్3, వీటా దుకాణాలని అట్టే పెట్టారు. పీఎస్పీలో నేరుగా కొనే వీలు మాత్రం ఆ జులైలో పోయింది. తెరిచి ఉంచారన్న మాటే గానీ అదే ఏడాది చివర్లో ఆ దుకాణాల్లో కార్డుతో డబ్బు కట్టే సదుపాయం తీసేశారు. ముందు ఫోన్‌లోనో కంప్యూటర్‌లోనో వాలెట్‌లో డబ్బు వేసుకుని, తర్వాత పీఎస్3 ఆన్ చేసి కొనాలి. ఆ ముసలి మెషీన్‌లో స్టోర్ తెరుచుకునేలోపు టీ తాగి రావచ్చు.

పీఎస్3 గురించి మనవాళ్లు ప్రత్యేకంగా తెలుసుకోవాల్సిన విషయం ఒకటుంది. దాంట్లోని సెల్ ప్రాసెసర్ తీరు చాలా విచిత్రమైంది, ఆ గేములని పీఎస్4, పీఎస్5 నేరుగా నడపలేవు. అందుకని సోనీ వాటిని తన సర్వర్లలో నడిపి, ఇంటర్నెట్ ద్వారా పై తరగతి ప్లేస్టేషన్ ప్లస్ చందాదారులకి చూపిస్తోంది. ఆ స్ట్రీమింగ్ మన దేశంలో లేదు. దాని బదులు ఇక్కడ ‘డీలక్స్’ అనే చందా అమ్ముతారు. అందులో పీఎస్1, పీఎస్పీ కాలం గేములు కొన్ని ఉంటాయి, స్ట్రీమింగ్‌తో నడిచే పీఎస్3 గేములు ఉండవు. కాబట్టి రీమాస్టర్ కాని పీఎస్3 గేమ్ ఏదైనా ఇష్టమైతే, ఇంట్లో ఉన్న పీఎస్3ని పాత సామాన్లకి వేయొద్దు.

అమెరికా, కెనడాలకి చదువుకోవడానికి వెళ్లే పిల్లలకి ఇంకో చిక్కు. ప్లేస్టేషన్ అకౌంట్ తెరిచినప్పుడు ఏ దేశం పెట్టామో అది తర్వాత మారదు. ఇండియా అకౌంట్‌లో అమెరికా గిఫ్ట్ కార్డ్ పని చేయదు. అక్కడ కొత్త అకౌంట్ తెరిస్తే ఇక్కడ కొన్న గేములన్నీ పాత అకౌంట్‌లోనే ఉండిపోతాయి. మా దగ్గరి బంధువుల అబ్బాయి ఇప్పటికీ రెండు అకౌంట్ల మధ్య తిరుగుతూనే ఉన్నాడు.

మరి ఎవరూ సరిగ్గా చేయడం లేదా? ఈ ఒక్క విషయంలో మైక్రోసాఫ్ట్‌ని మెచ్చుకోవాలి. 2015 నవంబర్‌లో ఎక్స్‌బాక్స్ వన్ మీద అంతకుముందు మెషీన్ ఎక్స్‌బాక్స్ 360 గేములు నడిపించడం మొదలుపెట్టింది. తర్వాత మొదటి ఎక్స్‌బాక్స్ గేములని కూడా కలిపింది. అప్పుడు కొన్న డిజిటల్ గేమ్ ఆ జాబితాలో ఉంటే, మళ్లీ డబ్బు కట్టకుండా కొత్త మెషీన్‌లో దిగుతుంది. పాత డిస్క్ ఉంటే అది పెట్టినా చాలు. 2024 జులై 29న 360 దుకాణం మూసినప్పుడు కూడా, ఆ జాబితాలోని 600కు పైగా గేముల్లో చాలావాటిని కొత్త దుకాణంలో అమ్ముతూనే ఉంది. జాబితాలో లేని వందల గేముల గతి మాత్రం అధోగతే. 2021 నవంబర్‌లో చివరి విడతగా 76 గేములు చేర్చి, ఇక చేర్చలేమని, లైసెన్సులు అడ్డమొస్తున్నాయని చెప్పేసింది.

ఆ లైసెన్సుల మాట సాకు మాత్రమే అనుకోవద్దు. కార్ల గేముల్లో కార్ల కంపెనీల అనుమతి, పాటలుంటే పాటల హక్కులు, సినిమా గేమ్ అయితే స్టూడియో ఒప్పందం, అన్నింటికీ గడువు ఉంటుంది. ‘ఫోర్జా హొరైజన్ 4’ 2018లో వచ్చి, 2024 డిసెంబర్‌లో అమ్మకం నుంచి పోయింది. ఇంకా బాధ కలిగించేది జీటీఏ 4 (గ్రాండ్ థెఫ్ట్ ఆటో) గేమ్ ఉదంతం. పదేళ్ల పాటల ఒప్పందం ముగియగానే 2018లో ఒక అప్‌డేట్ పంపి, అప్పటికే కొన్నవాళ్ల గేముల్లోంచి కూడా రేడియో పాటలు కొన్ని తీసేశారు. మన ఇంట్లో క్యాసెట్ ప్లేయర్‌లో ఉన్న క్యాసెట్‌లోంచి ఎవరో వచ్చి రెండు పాటలు చెరిపేసి వెళ్తే ఊరుకుంటామా?

నష్టం ఎంత పెద్దదో ఒక లెక్క చెప్తుంది. అమెరికాలోని వీడియో గేమ్ హిస్టరీ ఫౌండేషన్ 2023లో ఒక అధ్యయనం విడుదల చేసింది. 2010కి ముందు ఆ దేశంలో విడుదలైన పాత గేముల్లో 87 శాతం ఇప్పుడు మార్కెట్లో దొరకడం లేదని తేల్చింది. కోట్ల మంది ఇళ్లల్లో ఉన్న పీఎస్2 గేముల్లో కూడా దొరికేవి 12 శాతమే. పరిశోధకుల కోసం లైబ్రరీలు ఈ గేములని దూరం నుంచి చూపించేందుకు మినహాయింపు ఇవ్వమని అడిగితే, 2024 అక్టోబర్‌లో అమెరికా కాపీరైట్ ఆఫీస్ కుదరదంది. అమ్మేవాళ్లు అమ్మరు, దాచేవాళ్లని చూపించనివ్వరు. ఎమ్యులేటర్ (పాత మెషీన్‌ని అనుకరించి దాని గేములు నడిపే సాఫ్ట్‌వేర్) వైపు వెళ్లే కుర్రాళ్లని దొంగలని తిట్టే ముందు ఈ 87 శాతం గురించి ఆలోచించాలి. అమ్మకానికి ఉన్న గేమ్‌ని ఊరికే తీసుకోవడం తప్పని నేను గట్టిగా నమ్ముతాను. ఎక్కడా అమ్మని గేమ్ విషయంలో అంత గట్టిగా అనలేకపోతున్నాను.

‘కొనండి’ అనే మాట విషయంలో మాత్రం కాస్త కదలిక వచ్చింది. కాలిఫోర్నియాలో 2025 జనవరి నుంచి అమల్లోకి వచ్చిన చట్టం ప్రకారం, మనకిచ్చేది ఎప్పుడైనా వెనక్కి తీసుకోగల లైసెన్స్ మాత్రమే అయితే, ఆ సంగతి స్పష్టంగా చెప్పకుండా ‘కొనండి’ అని బటన్ మీద రాయకూడదు. మన దగ్గర 2023 నవంబర్‌లో కేంద్ర ప్రభుత్వం డార్క్ ప్యాటర్న్‌ల (వెబ్‌సైట్లు, యాప్‌లు కొనేవాళ్లని బురిడీ కొట్టించే పద్ధతుల) మీద మార్గదర్శకాలు తెచ్చింది. చందా ఉచ్చు దగ్గర్నుంచి తప్పుడు తొందర పెట్టడం దాకా 13 రకాల మోసాలు అందులో ఉన్నాయి. కొనుగోలు అని చెప్పి లైసెన్స్ చేతిలో పెట్టడం ఆ జాబితాలో లేదు. పద్నాలుగోదిగా చేరిస్తే గేములకే కాదు, ఈ-బుక్స్‌కీ, సినిమాలకీ పనికొస్తుంది.

చివరిగా మన హైదరాబాద్ సంగతి ఒకటి. 2009లో అరోనా టెక్నాలజీస్ అనే ఇక్కడి సంస్థ పీఎస్2 కోసం ‘హనుమాన్: బాయ్ వారియర్’ అనే గేమ్ చేసింది. సోనీయే దాన్ని విడుదల చేసింది. పూర్తిగా భారత్‌లో తయారైన తొలి ప్లేస్టేషన్ గేమ్‌గా ప్రచారమైంది. గొప్ప గేమ్ అని అనను, కానీ మనవాళ్లు కన్సోల్ గేమ్ చేయగలరని చూపించిన తొలి అడుగుల్లో అదొకటి. దాన్ని ఈరోజు పీఎస్5 స్టోర్‌లో వెతికితే దొరకదు. పాత పీఎస్2 ఒకటి, ఎక్కడో సెకండ్ హ్యాండ్‌లో డిస్క్ ఒకటి సంపాదించుకుంటేనే ఆడగలం. అందులో కార్ల కంపెనీలు లేవు, హాలీవుడ్ స్టూడియో లేదు, విడుదల చేసింది సోనీయే. పీఎస్2 గేములని తర్వాతి మెషీన్ల మీద ఎమ్యులేషన్‌తో అమ్మడం సోనీకి 2011 నుంచి తెలిసిన పనే. రెండు మూడు వందల రూపాయలకి దీన్ని ఇండియా స్టోర్‌లో పెడితే మొదటి రోజే కొనడానికి నేను సిద్ధం.