పసిబిడ్డను బోర్లా పడుకోబెట్టమనే సలహా: ఒక్కో మాటకూ జవాబు

“చంటిపిల్లల్ని వెల్లకిలా పడుకోబెడితే కక్కిన పాలు గొంతుకు అడ్డం పడతాయి. బోర్లా పడుకోబెట్టండి, గ్యాస్ పోతుంది, గాఢంగా నిద్రపోతారు. మెత్తటి పరుపు వేసి, తల కింద ఆవాల దిండు పెట్టండి, తల గుండ్రంగా వస్తుంది. మన పెద్దలు ఇలాగే పెంచారు, వెల్లకిలా అనేది విదేశీ డాక్టర్ల మాట.” వాట్సాప్ ఫ్యామిలీ గ్రూపుల్లో రకరకాలుగా తిరిగే సలహా సారాంశం ఇది. చెప్పేవాళ్లకు ప్రేమే ఉంటుంది, కాదనను. కానీ ఇందులో ప్రాణం మీదకు తెచ్చే మాటలున్నాయి.

ముందు పాలు అడ్డం పడటం సంగతి. కొత్త తల్లులకు అసలు టెన్షన్ ఇక్కడే. మన మెడలో శ్వాసనాళం ముందువైపు, ఆహారనాళం దాని వెనక ఉంటాయి. బిడ్డ వెల్లకిలా పడుకుంటే శ్వాసనాళం పైన ఉంటుంది, ఆహారనాళం కింద ఉంటుంది. కక్కిన పాలు ఊపిరితిత్తుల్లోకి పోవాలంటే కింది నుంచి పైకి ఎక్కాలి. బోర్లా పడుకుంటే సరిగ్గా తిరగబడుతుంది: పైకి వచ్చిన పాలు శ్వాసనాళం ముఖద్వారం దగ్గరే చేరతాయి. పైగా ఆరోగ్యంగా ఉన్న బిడ్డ వెల్లకిలా ఉన్నా మింగేస్తుంది, లేదా దగ్గి బయటికి పంపేస్తుంది. తరచూ పాలు కక్కే పిల్లల్ని కూడా వెల్లకిలానే పడుకోబెట్టమని అమెరికా పిల్లల వైద్యుల సంఘం చెబుతోంది. గ్యాస్ బాధకైతే, పాలు పట్టాక తేన్పు వచ్చేదాకా భుజాన వేసుకుని వీపు నిమరండి, చాలు.

గాఢంగా నిద్రపోతారన్నది నిజం. భయపడాల్సిందీ అందుకే.

ఊపిరి సరిగా ఆడనప్పుడు ఎవరికైనా మెలకువ రావాలి. బోర్లా పడుకున్న పసిబిడ్డకు ఆ మెలకువ అంత తేలిగ్గా రాదు. ముఖం మెత్తటి పరుపులోకి దిగబడితే, వదిలిన గాలినే మళ్లీ పీలుస్తుంది. ఆక్సిజన్ తగ్గుతుంది, మెడ తిప్పుకునే బలం ఇంకా ఉండదు. ఏ జబ్బూ లేని బిడ్డ నిద్రలోనే చనిపోయి, పరీక్షల్లోనూ కారణం తేలకపోతే డాక్టర్లు సిడ్స్ అంటారు. ఇది రెండు నుంచి నాలుగు నెలల మధ్య ఎక్కువ. పాశ్చాత్య దేశాల్లో పిల్లల్ని బోర్లా పడుకోబెట్టడం అలవాటుగా ఉన్న రోజుల్లో ఈ మరణాలు వేలల్లో ఉండేవి. బ్రిటన్‌లో 1991లో, అమెరికాలో 1994లో వెల్లకిలా పడుకోబెట్టమంటూ పెద్ద ఎత్తున ప్రచారాలు మొదలయ్యాయి. అమెరికాలో దాదాపు పదేళ్లలోనే ఈ మరణాల రేటు సగానికి పడిపోయింది. అంతకుముందు పరిశోధనలన్నీ కలిపి చూసిన ఒక సమీక్ష 2005లో వచ్చింది. 1970 నాటికే ఉన్న ఆధారాలను పట్టించుకుని ఉంటే యూరప్, అమెరికా, ఆస్ట్రేలియా ప్రాంతాల్లో కనీసం 50,000 మంది పసిపిల్లలు బతికేవారని అందులో లెక్కగట్టారు.

కాబట్టి ‘విదేశీ డాక్టర్ల మాట’ అనే ముద్ర వేయాల్సి వస్తే అది బోర్లా పడుకోబెట్టడానికే వేయాలి. దశాబ్దాలపాటు ఆ సలహా ఇచ్చింది వాళ్లే, తప్పని తేలాక మార్చుకున్నదీ వాళ్లే. ఇక మన పెద్దల విషయమంటారా, మన ఇళ్లలో బిడ్డ బోర్లా పడితే బొబ్బట్లు చేసి పంచుతారు. పుట్టిన రోజు నుంచీ బోర్లానే పడుకోబెట్టే ఆచారం ఉంటే ఆ పండగ ఎందుకొచ్చినట్టు?

తల ఆకారం: ఎప్పుడూ ఒకే వైపు ఆనితే తల వెనక కాస్త చదునవడం నిజమే. చాలామందికి ఎదిగేకొద్దీ అదే సర్దుకుంటుంది. ఆవాల దిండుతో పనిలేదు. తలను గుండ్రంగా చేస్తామని అమ్మే దిండ్లు వాడొద్దని, ఊపిరాడకపోయే ప్రమాదం ఉందని అమెరికా ఆహార, ఔషధ నియంత్రణ సంస్థ (ఎఫ్‌డీఏ) 2022లో హెచ్చరించింది. పడుకోబెట్టిన ప్రతిసారీ తల ఒకోవైపు తిప్పి ఉంచండి. మెలకువగా ఉన్నప్పుడు, మీరు ఎదురుగా కూర్చుని, కాసేపు బోర్లా వేసి ఆడించండి. మెడ, భుజాలు గట్టిపడతాయి. ఆ సలహాలో పనికొచ్చే ముక్క ఇదొక్కటే, దాన్నే నిద్రకు అంటగట్టారు.

మెత్తటి పరుపు గురించి పైన చెప్పినదే చాలు. గట్టిగా, చదునుగా ఉన్న పక్క మీద బిగుతుగా పరిచిన దుప్పటి ఒక్కటే ఉండాలి. దిండ్లు, బొంతలు, బొమ్మలు అక్కర్లేదు. ఇంట్లో నిద్రపోయేటప్పుడు తలకు టోపీ కూడా వద్దు, ఒళ్లు వేడెక్కిపోతుంది. సాంబ్రాణి పొగ, సిగరెట్ పొగ ఆ గదిలోకే రాకూడదు. చీర ఉయ్యాలలో బిడ్డ వంగిపోయి గడ్డం గుండెకు ఆనుతుంది, బట్ట ముఖానికి తగులుతుంది. నా మట్టుకు, పక్కన ఎవరైనా ఉండి ఊపి, నిద్రపట్టగానే చదునైన పక్క మీదకు మార్చమంటాను.

తల్లి పక్కలో పడుకోబెట్టడం మీద మన ఇళ్లలో వాదన తెగదు. ఒకే గదిలో, వేరే పక్క మీద ఉంచడం మేలన్నది డాక్టర్ల మాట. వేరే పక్కకు చోటు లేని ఇళ్లున్నాయని నాకూ తెలుసు. కానీ ఇంట్లో పొగ తాగేవాళ్లు ఉంటే, పక్కన పడుకునేవాళ్లు మద్యం గానీ నిద్రమాత్రలు గానీ తీసుకుని ఉంటే, బిడ్డ నెలలు నిండకుండా పుడితే పక్కలో వేసుకోవడం అసలు వద్దు. సోఫాలో బిడ్డను ఎత్తుకుని కునుకు తీయడం అన్నిటికన్నా ప్రమాదం.

పక్కకు తిప్పి పడుకోబెడితే సరిపోదా అంటారు. సరిపోదు, అక్కణ్నుంచి ఇట్టే బోర్లా పడిపోతుంది. ఏడాది వచ్చేదాకా, పగలు కునుకైనా రాత్రి నిద్రైనా వెల్లకిలానే పడుకోబెట్టాలి. ఇటూ అటూ తనంతట తాను దొర్లడం బాగా వచ్చాక, నిద్రలో బోర్లా తిరిగితే మాత్రం లేచి మళ్లీ మళ్లీ సరిచేయక్కర్లేదు.