పోటీ ఉంది, భజన ఏదీ?

కిందటి వసంతంలో డైనింగ్ టేబుల్ కొందామని హై పాయింట్ వెళ్లాం. నార్త్ కరొలైనాలో ఇల్లు కొన్న తెలుగువాళ్లకు ఈ ఊరి పేరు గృహప్రవేశం ముహూర్తంతో పాటే తెలిసిపోతుంది. ఫర్నిచర్‌కి రాజధాని అంటారు దాన్ని. కేరీ నుంచి కారులో గంటన్నర. పొద్దున్నించీ తిరిగి తిరిగి చివరికి టేబుల్ కొనకుండానే బయటపడ్డాం. మా ఆవిడకి కాళ్లు నచ్చలేదు, టేబుల్‌వి.

తిరిగొచ్చేటప్పుడు ఊరి మధ్యలో శాక్సొఫోన్ పట్టుకుని నిలబడ్డ జాన్ కోల్ట్రేన్ విగ్రహం దగ్గర ఆగాం. జాజ్ సంగీతంలో అంతటివాడు పెరిగింది ఈ ఊళ్లోనే. ఎనిమిదో క్లాసు చదువుతున్న మా అమ్మాయికి ఆయన పేరు స్కూల్ బ్యాండ్ పుణ్యమా అని తెలుసు. "ఇదే ఊళ్లోంచి ఫాంటేజియా అని ఒక గాయని కూడా వచ్చింది, తెలుసా?" అన్నాను. తెలీదంది. దాని తప్పేం లేదు, ఆమె పేరు మోగిన 2004కి అది ఇంకా పుట్టలేదు. దారి పొడుగునా ఆ కథ చెప్పాను. చెప్తూంటే, మన తెలుగు అసోసియేషన్లలో పిల్లలకి పెట్టే పాటల పోటీల గురించి చాన్నాళ్లుగా మనసులో మెలిపెడుతున్న విషయం ఒకటి తేటపడింది. అది చెప్పడానికే ఇది రాస్తున్నాను. పోటీలు నడిపే కమిటీల్లో నేనూ ఉన్నాను కాబట్టి, తిట్లు ఏవన్నా ఉంటే అందులో నా వాటా కూడా ఉందనుకోండి.

ముందు కథ. బ్రిటన్‌లో 'పాప్ ఐడల్'గా మొదలై 2002లో 'అమెరికన్ ఐడల్'గా ఇక్కడికొచ్చిన, జనం ఓట్లతో తేల్చే టీవీ పాటల పోటీ మీ అందరికీ తెలుసు. దాని మూడో సీజన్‌కి ఫాంటేజియా బరీనో వచ్చినప్పుడు వయసు 19. చంకలో చిన్నపిల్ల. పెళ్లి కాలేదు. హైస్కూల్ మధ్యలోనే వదిలేసింది. టీవీవాళ్లకి ఇంతకంటే ఏం కావాలి! ఆ పిల్ల కష్టాల్ని పాటతో సమానంగా చూపించారు. దానికి ఎదురుదెబ్బ కూడా తగిలింది: పెళ్లికాని తల్లి మన పిల్లలకి ఆదర్శమా అని గొడవ చేసినవాళ్లు ఉన్నారు. మన వాట్సాప్ గ్రూపులు అప్పటికి లేవు కానీ, ఉండుంటే ఏం రాసేవారో నేను చెప్పక్కర్లేదు.

ఆ సీజన్‌లో సినిమా పాటల వారం ఒకటి వచ్చింది. మిగతావాళ్లు నిలబడి, చేతులు చాచి, పైస్థాయి అందుకుని పాడారు. ఫాంటేజియా స్టేజి మీద నేల మీద కూచుని 'సమ్మర్‌టైమ్' మొదలుపెట్టింది. 1935లో వచ్చిన 'పోర్గీ అండ్ బెస్' అనే సంగీత నాటకం కోసం జార్జ్ గెర్ష్విన్ కట్టిన జోలపాట అది. దాన్ని పాడని గాయని లేదు, అందుకే పోటీలో ఎత్తుకోవడం ప్రమాదం. ఆ పిల్ల గొంతు మామూలు లెక్కన చూస్తే అందమైనది కాదు. గరుకు, అక్కడక్కడ ముక్కుతో పలుకుతుంది, అరుపుకీ ఏడుపుకీ మధ్య ఎక్కడో తిరుగుతుంది. కానీ ఆవేళ పాట అయ్యేసరికి ఆమె కళ్లల్లో నీళ్లు, చూసేవాళ్ల కళ్లల్లోనూ నీళ్లు. ఎవరినీ ఒక పట్టాన మెచ్చుకోని జడ్జి సైమన్ కవల్ సైతం ఆ పాటని ఆకాశానికెత్తాడు. ఇప్పటికీ ఆ కార్యక్రమం చరిత్రలో గొప్ప పాటల లెక్క తీస్తే అది ముందు వరసలో ఉంటుంది.

సరిగ్గా ఆ మరుసటి వారం ఏమైందో చూడండి. 2004 ఏప్రిల్ 21న ఓట్లు తక్కువొచ్చిన ముగ్గుర్ని పక్కన నిలబెట్టారు. ఫాంటేజియా, లటోయా లండన్, జెనిఫర్ హడ్సన్. ముగ్గురూ నల్లజాతి అమ్మాయిలు, ముగ్గురూ ఆ సీజన్‌లో గట్టి గొంతులున్నవాళ్లు. ఆ రాత్రి హడ్సన్ ఇంటికెళ్లిపోయింది, ఏడో స్థానంతో. ఓట్లు వేసిన తీరులో జాతి వివక్ష ఉందని బ్రిటిష్ గాయకుడు ఎల్టన్ జాన్ బాహాటంగానే అన్నాడు. ఓటెయ్యడానికి ఫోన్ లైన్లు దొరకలేదని కొందరు, హడ్సన్ సొంతూరు షికాగో వైపు తుఫాను వల్ల కరెంటు పోయిందని కొందరు సర్దిచెప్పారు. నా మట్టుకు నాకు ఎల్టన్ జాన్ మాటే నిజానికి దగ్గరగా తోస్తుంది. అప్పట్లో ఒక మనిషి ఫోన్‌లో ఎన్ని ఓట్లయినా వేసుకోవచ్చు, ఓపికుంటే రెండు గంటలూ నొక్కుతూనే ఉండొచ్చు. అలాంటి లెక్కలో బయటపడేది ఎవరి అభిమానులకి తీరిక ఎక్కువన్నదే.

ఫాంటేజియా మాత్రం నిలిచింది. మే 26న జరిగిన ఫైనల్లో ఆరున్నర కోట్ల ఓట్లు పడితే, డయానా డిగార్మో మీద సుమారు 13 లక్షల తేడాతో గెలిచింది. ఆమె మొదటి పాట అమెరికాలో పాటల ర్యాంకులిచ్చే బిల్‌బోర్డ్ హాట్ 100 జాబితాలో నేరుగా ఒకటో స్థానంలో దిగింది. తొలి పాటతోనే అలా జరగడం చాలా అరుదు.

"రాత్రికి రాత్రి స్టార్ అయిపోయింది" అని మా అమ్మాయి వెనక సీట్లోంచి తీర్పు చెప్పేసింది. ఇక్కడే నేను కారు ఆపినంత పని చేశాను. ఎందుకంటే టీవీ మనకి చెప్పే అబద్ధం అదే.

ఫాంటేజియా అమ్మమ్మ పాస్టరు, అమ్మ పాస్టరు. ఐదేళ్లప్పటి నుంచి ఆ పిల్ల ఇంటిల్లిపాదితో కలిసి చర్చిలో పాడుతోంది. కుటుంబమంతా ఒక బృందంగా ఊళ్లు తిరిగి పాడేవారు, పాటలు రికార్డు చేశారు కూడా. అంటే ఐడల్ స్టేజి ఎక్కేనాటికి 14 ఏళ్ల సాధన ఉంది. అది కూడా ఎలాంటి సాధన? అద్దం ముందు, మైకు ముందు చేసింది కాదు. ఎదురుగా మనుషులున్నారు. పాడేవాళ్లు ఒక చరణం వదిలితే వాళ్లు అందుకుంటారు, బాగుంటే 'ఆమెన్' అని కేక వేస్తారు, ఏడుస్తారు, లేచి చప్పట్లు కొడతారు. పాట తడబడితే కూడా వదిలెయ్యరు, "పాడమ్మా, నువ్వు పాడు" అని ధైర్యం చెప్తారు. స్వరం ఎంత సాగదియ్యాలో, ఎక్కడ విరిచి వదలాలో ఆ పిల్లకి నేర్పింది ఆ కేకలే.

సోల్ అనే నల్లజాతి సంగీతం పుట్టుకే అక్కడ. 1954లో రే చార్ల్స్ ఒక చర్చి పాట బాణీ తీసుకుని, దేవుడి పేరున్న చోట ప్రియురాలిని పెట్టి పాడితే భక్తులు మండిపడ్డారు. మూడేళ్లకి శామ్ కుక్ చర్చి పాట వదిలి ప్రేమపాటల్లోకి వచ్చాడు. అరీతా ఫ్రాంక్లిన్ డిట్రాయిట్‌లో నాన్న నడిపిన చర్చిలో పాడుతూ ఎదిగింది. అదే మెలిక, అదే గమకం, అదే ఆర్తి. మొర పెట్టుకునేది ఎవరితో అన్నదొక్కటే మారింది. మన పదకర్తల శృంగార కీర్తనలు చదివినవాళ్లకి ఇదేం వింత కాదు. మనం ఆ గీత అటూ ఇటూ ఎప్పుడో దాటేశాం.

ఇంకో సంగతి. గెలిచిన మరుసటి ఏడాది వచ్చిన తన పుస్తకంలో, తనకి చదవడం సరిగ్గా రాదని ఫాంటేజియా ఒప్పుకుంది. అర్థం కాని కాంట్రాక్టుల మీద సంతకాలు పెట్టానంది. అది చదివినప్పుడు నాకు రెండు రకాలుగా అనిపించింది. ఒకటి బాధ: ఆమెతో అంత డబ్బు సంపాదించినవాళ్లు ఆ కాగితం చదివి వినిపించే మనిషిని పక్కన పెట్టలేకపోయారా అని. రెండోది ఆశ్చర్యం: అంటే పాటలన్నీ చెవితోనే పట్టిందన్నమాట. మన పాతకాలపు గురుముఖం లాగా. మన పిల్లలు ఇంగ్లీషు లిపిలో రాసుకున్న తెలుగు పాట ఫోన్‌లో చూస్తూ పాడుతుంటే నాకు ఈ విషయం గుర్తొస్తూ ఉంటుంది. మొన్న ఉగాది పోటీలో ఒక తొమ్మిదేళ్ల బాబు ఫోన్ స్క్రీన్ ఆరిపోతే అక్కడే ఆగిపోయాడు. శ్రుతి బాగుంది, గొంతు బాగుంది. స్క్రీన్ వెలిగేదాకా పాట మటుకు లేదు. జడ్జిల బల్ల దగ్గర కూచున్న నేను మార్కులు ఎలా వెయ్యాలో తెలీక పెన్ను నములుతూ కూచున్నాను. హాల్లో 200 మంది ఉన్నారు. అందరికీ వచ్చిన పాటే. ఒక్కరైనా అందించలేదు. పోటీ కదా, అందించకూడదు!

నా గొడవంతా ఇదే. టీవీ నుంచి మనం పోటీని తెచ్చుకున్నాం. మైకు, లైట్లు, ఎలిమినేషన్, ఆడియెన్స్ ఓటు, జడ్జిల కామెంట్లు, చివరికి ఫలితం చెప్పే ముందు పెట్టే ఆ పాడు నిశ్శబ్దం కూడా తెచ్చుకున్నాం. ఆ స్టేజి వెనక ఉన్న చర్చిని మాత్రం తెచ్చుకోలేదు. తేవడం ఎందుకు, అది మనకి ఉండేది. మా ఊరి రామాలయంలో శనివారం రాత్రి భజన అంటే సరిగ్గా ఇదే: ఒకరు అంటారు, పదిమంది అందుకుంటారు, తప్పు పాడితే ఆ పదిమంది గొంతుల్లో తప్పు కొట్టుకుపోతుంది. కార్తీకమాసంలో నిద్ర ఆపుకుంటూ చిడతలు వాయించిన పిల్లల్లో ఎవరూ స్టార్లు కాలేదు కానీ, పాడమంటే సిగ్గుపడేవాళ్లు కూడా ఎవరూ లేరు.

పోటీయే చెడ్డదని అనను. నల్లజాతి సంగీతంలోనూ పోటీ ఉంది, మహా కటువైనది కూడా. న్యూయార్క్‌లో హార్లెమ్ పేటలోని అపోలో థియేటర్లో 1934 నుంచి కొత్తవాళ్ల కోసం అమెచ్యూర్ నైట్ నడుస్తోంది, నచ్చకపోతే జనం గోల చేసి దింపేస్తారు. జాజ్ గాయని ఎల్లా ఫిట్జెరల్డ్ 17 ఏళ్లప్పుడు డాన్సు చేద్దామని వెళ్లి, ఆఖరి నిమిషంలో పాట పాడి గెలిచింది అక్కడే. కానీ ఆ జనం ఎదురుగా ఉన్నారు. కాళ్లు వణుకుతున్న పిల్లని చూస్తున్నారు. ఎక్కడో సోఫాలో కూచుని నంబరు నొక్కేవాళ్లు కారు.

మనవైపు కూడా 1996లో ఈటీవీలో 'పాడుతా తీయగా' మొదలైనప్పుడు అది పోటీ కన్నా బడి లాగా ఉండేది. పిల్లవాడు పాడేది నాలుగు నిమిషాలు, బాలుగారు ఆ పాట రాసినాయన గురించీ కట్టినాయన గురించీ చెప్పేది ఇంకో ఆరు నిమిషాలు. ఒత్తు పలకనివాడికి అక్కడే పలికించి చూపించేవారు. 2010లో శ్రీరామచంద్ర 'ఇండియన్ ఐడల్' గెలిచినప్పటికి కాలం మారింది. మా పిన్ని ఇంట్లో కనిపించిన ఫోనల్లా తీసుకుని ఎస్సెమ్మెస్‌లు కొట్టిందట. ఆ అబ్బాయి నిజంగా బాగా పాడాడు, అది వేరే సంగతి. మా పిన్నికి పాట గుర్తులేదు, ఎన్ని ఎస్సెమ్మెస్‌లు పంపిందో ఇప్పటికీ గుర్తుంది.

ఇక ఏడో స్థానంతో ఇంటికెళ్లిన జెనిఫర్ హడ్సన్ సంగతి. ఆ పిల్లదీ చర్చి పాటే, షికాగోలో. ఐడల్‌కి ముందు డిస్నీవాళ్ల ఓడ మీద పాటలు పాడే ఉద్యోగం చేసింది. 2006లో వచ్చిన 'డ్రీమ్‌గర్ల్స్' సినిమాలో గొప్ప గొంతుండీ పక్కకి నెట్టేసిన గాయని పాత్ర ఒకటుంది. దానికి వందలమందిని చూశారు, వాళ్లలో ఫాంటేజియా కూడా ఉంది. పాత్ర హడ్సన్‌కి దక్కింది. 2007లో ఆస్కార్ వచ్చింది. తర్వాత సంగీతంవాళ్ల గ్రామీ, టీవీవాళ్ల ఎమీ. 2022లో నాటకాలవాళ్ల టోనీతో నాలుగూ పూర్తయ్యాయి. దీన్ని చూపించి "చూశావా, ఓడినా గెలవచ్చు" అని పిల్లలకి నీతికథ చెప్పే తల్లిదండ్రుల్ని చూశాను. నాకది నచ్చదు. ఆస్కార్ వస్తేనే ఏడో స్థానానికి గౌరవమా? ఆ సీజన్‌లో ఎనిమిదో స్థానంలో ఆగినవాళ్ల పేరు మీకు గుర్తుందా? నాక్కూడా లేదు.

గెలిచిన ఫాంటేజియాకి దారి నున్నగా లేదు. 2007లో న్యూయార్క్ నాటకాల వీధి బ్రాడ్‌వేలో 'ది కలర్ పర్పుల్' నాటకంలో సీలీ పాత్ర వేసి మెప్పించింది. 2010లో ప్రాణం తీసుకోబోయి బతికి బయటపడింది. 2011లో గ్రామీ అందుకుంది. 2023లో అదే సీలీగా సినిమాలో కనిపించి గోల్డెన్ గ్లోబ్ నామినేషన్ దాకా వెళ్లింది. ఇన్నేళ్లలో ఆమె పాడేది ఎప్పుడు విన్నా, చెప్పులు వదిలేసి పాడినా, మోకాళ్ల మీద కూలబడి పాడినా, ఎదురుగా ఎవరో "పాడమ్మా" అంటున్నట్టే పాడుతుంది. ఆ మాట ఆమె చెవిలో పడింది టీవీ స్టూడియోలో కాదు.

"పోటీ లేకపోతే మా వాడు అసలు ప్రాక్టీసే చెయ్యడండీ" అంటారు స్నేహితులు. నిజమే, మా ఇంట్లోనూ అంతే. పోటీలు ఉండనివ్వండి. కానీ ఏడాదికి రెండు పోటీలుంటే, మధ్యలో పాడుకోడానికి ఇరవై రోజులైనా ఉండాలి కదా. ఇప్పుడు మన పిల్లలు టీచర్ దగ్గర జూమ్‌లో నేర్చుకుంటారు, నేరుగా జడ్జి ముందు పాడతారు. టీచరూ తప్పులు పట్టేవారే, జడ్జీ తప్పులు పట్టేవారే. ఊరికే వినేవాళ్లు, కూడా పాడేవాళ్లు ఎక్కడా తగలరు. ఇక పోటీ రోజు కడుపునొప్పి, టెన్షన్ రాక ఏమొస్తాయి?

అందుకని నేనూ ఇంకో ఇద్దరు మిత్రులం గుడివాళ్లని అడిగి, నెలకో శనివారం సాయంత్రం కింది హాలు తీసుకున్నాం. గంటసేపు భజన, తత్వాలు, వచ్చినవాళ్లకి వచ్చిన పాట. ఒకరు అంటారు, మిగతావాళ్లు అందుకోవాలి. వీడియో తియ్యకూడదు, ఫోన్ చూసి పాడకూడదు. మార్కులు, సర్టిఫికెట్లు లేవు. మొదటి నెల వచ్చినవాళ్లు ఆరుగురు. అందులో ఇద్దరు పిల్లల దగ్గరికి ఆర్నెల్లకి వచ్చిన పెద్దవాళ్లు. తెనాలి వైపు నుంచి వచ్చిన ఒక తాతగారు సూట్‌కేసులో చిడతలు తెచ్చుకున్నారు. ఎందుకు తెచ్చారని అడిగితే, ఊరికే, ఏమో అవసరం పడొచ్చని, అన్నారు. నాలుగో నెలకి ఇరవైమంది దాటాం. ఉగాదినాడు ఆగిపోయిన బాబు కూడా వచ్చాడు, మొదటి రెండు సార్లు గోడకి ఆనుకుని కూచున్నాడు, మూడోసారి అందరితో పాటు పెదాలు కదిపాడు.

వీసా గడువు అయిపోయి అక్టోబరులో తాతగారు ఇండియా వెళ్లిపోయారు. చిడతలు మాకు వదిలేసి వెళ్లారు. ఇప్పుడు వాటిని ఆ బాబు వాయిస్తున్నాడు. తాళం ఇంకా కాస్త ముందుకే పరిగెత్తుతోంది. మేం దాని వెనకాల పాడుతున్నాం.