అప్పజెప్పు తీగకు బెజవాడ నుంచి ఒక ఉత్తరం

చిరంజీవి అప్పజెప్పు తీగకు,

సత్యనారాయణపురం నుంచి మీ తాతయ్య వ్రాయునది. ఉభయకుశలోపరి.

ఈ తాతయ్య ఎవరా అని కంగారు పడకు. నిన్ను పుట్టించింది మా అక్క కూతురు. ఇంటర్ రెండో సంవత్సరం, ఎంపీసీ. ఫిజిక్స్ నోట్సు వెనక పేజీల్లో రెండు చందమామలున్న లోకం ఒకటి కట్టి, అందులో నిన్ను నాటింది. ఆ లెక్కన నేను నీకు తాత వరస. 42 ఏళ్లకే తాతనయ్యాను, అదీ ఒక తీగకి. ఏం చేస్తాం!

నీ సంగతులన్నీ చదివాను. ఉమ్మెత్త పువ్వు లాంటి నీలం పువ్వులు. పగలంతా ముడుచుకుని చుట్టుపక్కల చప్పుళ్లు మింగుతావు. రెండో చందమామ పైకి రాగానే విచ్చుకుని, విన్నది విన్నట్టు అప్పజెబుతావు. కాయ ఎండితే అందులో ఒకే ఒక్క చప్పుడు మిగులుతుంది. చిదిమితే ఒక్కసారి వినపడుతుంది, అంతే. మీ రాజుగారు వాళ్లమ్మ జోలపాట ఉన్న కాయను చిదమడానికి మనసొప్పక ఇరవై ఏళ్లుగా మొలలో దోపుకుని తిరుగుతున్నాడట. అది చదివి కాసేపు నోట మాట రాలేదు, ఒప్పుకుంటున్నా.

అసలు గొడవ ఇప్పుడొచ్చింది. కథ రెండో భాగంలో నిన్ను బెజవాడ తెస్తుందట, మా డాబా మీద నాటుతుందట. "నీళ్లు నువ్వే పోయాలి మామయ్యా" అని ఆర్డరు కూడా వేసింది. అందుకే ఈ ఉత్తరం. అమ్మా, నువ్వు రావద్దు.

చప్పుడు చేసే మొక్కలంటే మాకేమీ పడకపోవడం కాదు. గాలికి మోగే వెదురుకు కీచకం అని ప్రత్యేకంగా పేరు పెట్టుకున్నవాళ్లం. దిరిసెన కాయలు ఎండితే గలగలమంటాయి, వింటూ దాని కిందే కూర్చుంటాం. నూజివీడులో పనస చెక్కను వీణ చేసి పలికిస్తారు. కాకపోతే వాటికో మర్యాద ఉంది. గాలి వీస్తేనో, వేలు మీటితేనో తప్ప నోరు విప్పవు. పక్కింటి మాటలు అసలే మోయవు.

2023లో ఇజ్రాయెల్ శాస్త్రవేత్తలు ఇంకో సంగతి బయటపెట్టారు. టమాటా, పొగాకు మొక్కలు నీళ్లు అందకపోతే గంటకు ఎన్నోసార్లు టిక్కుటిక్కుమంటాయట. ఆ చప్పుడు 40 వేల హెర్ట్జ్ పైమాటే. మన చెవి 20 వేల దగ్గరే ఆగిపోతుంది. ఆ ఏర్పాటు చేసిన దేవుడికి దండం పెట్టాలి. లేకపోతే వానలు లేని ఏడాది పొగాకు చేల పక్క ఊళ్లలో ఎవరికైనా నిద్ర పట్టేదా? పొగాకు బోర్డు గుంటూరులోనే ఉంది కాబట్టి ఫిర్యాదు చేయడానికి దూరం పోనక్కర్లేదు, అదొక్కటే సుఖం.

ఇక మా డాబా మీద నీ దినచర్య. తెల్లారకముందే రెండు వేర్వేరు మైకుల్లో రెండు సుప్రభాతాలు. ఏడింటికి ఉల్లిపాయల ఆటో, దాని వెనకే పాత ఇనుప సామాన్ల ఆటో. రెంటికీ రికార్డు గొంతే, అలుపుండదు. ఇవన్నీ మింగినా నీకు అజీర్తితో పోతుంది. నా భయం మిగతావాటి గురించి. కింద ఫ్లాటాయన సోఫాలో పడుకుని, "బెంజి సర్కిల్ దాటేశాను, రెండు నిమిషాల్లో అక్కడుంటా" అని ఫోనులో చెప్పిన మాట. మెయింటెనెన్సు కట్టనివాళ్ల గురించి మెట్ల మీద నడిచిన మీటింగు. మా అక్క ఫోను చేస్తే, "లేనని చెప్పు" అని మా ఆవిడకు నేను చేసిన సైగ... అది సైగే అయినా పెదవులు కాస్త కదిలాయి. నువ్వు వదలవు కదా!

పైగా ఇక్కడ చట్టం ఉంది. 2000లో వచ్చిన శబ్ద కాలుష్య నిబంధనల ప్రకారం ఇళ్ల మధ్య రాత్రి 10 నుంచి ఉదయం 6 దాకా 45 డెసిబెల్స్ దాటకూడదు. మా వెనక కల్యాణ మండపం డీజే కుర్రాడు ఆ అంకెను కటాఫ్ మార్కు అనుకున్నట్టున్నాడు, దాటితేగానీ ఊరుకోడు. అతను ఎనిమిదింటికి వాయించింది నువ్వు అర్ధరాత్రి అప్పజెబుతావు. కేసు ఎవరి మీద పడుతుందో నాకు బాగా తెలుసు.

కాలేజీవాళ్ల కంటపడ్డావా, ఇంక అంతే. పగలు క్లాసులో పాఠం మింగించి, రాత్రి స్టడీ అవర్లో అప్పజెప్పిస్తారు. వారం వారం నీకూ టెస్టు. ర్యాంకు వస్తే నీలం పువ్వుతో సహా నీ ఫొటో హోర్డింగెక్కుతుంది. రాకపోతే వెనక బెంచీ కుండీ.

ఇంత చెప్పినా వస్తానంటే మంచి రోజు చూద్దామని పంచాంగం తీశాను. మాఘం నుంచి జ్యేష్ఠం దాకా పెళ్లిళ్లే. ఆషాఢం ఖాళీ కదా అని సంబరపడ్డాను. అప్పుడే ఇంద్రకీలాద్రి మీద శాకంబరి ఉత్సవాలు, అమ్మవారి గుడంతా ఆకుకూరలతో, కూరగాయలతో అలంకరిస్తారు. బచ్చలి తీగ అనుకుని నిన్నెవరైనా కోసుకుపోతే మీ అమ్మకు నేనేం చెప్పను? ఆ తర్వాత చవితి పందిళ్లు, దసరా. ధనుర్మాసంలో మళ్లీ తెల్లవారుజామున మైకులు. మిగిలింది మూఢం ఒక్కటే. ఆ రోజుల్లో కల్యాణ మండపానికి తాళం ఉంటుంది.

ఈ మాట మీ అమ్మతో అనడమే తప్పయింది. "అయితే మూఢంలోనే నాటుదాం, కుండీ కొను" అంది. కొన్నాను. డాబా మీద పిట్టగోడ పక్కన పెట్టాను. అందులో ఇంకా మట్టి కూడా పోయలేదు. అయినా నిన్న అక్క ఫోను మోగితే, అబద్ధం చెప్పడానికి కిందికి దిగి వచ్చాను.

ఇట్లు,
మీ తాతయ్య