సొరంగం కింద కొలువున్న గణిత మహాశయులకు

మహారాజశ్రీ రహస్య గణిత సంఘం పెద్దల దివ్యసముఖానికి,

ఏ ఊహాలోకపు కథ తెరిచినా మీరుంటారు. రాజ్యం పేరు మారుతుంది, మ్యాపులో కొండల వరస మారుతుంది, మీరు మాత్రం మారరు. రాజధాని కింద సొరంగం, సొరంగం చివర ఇనుప తలుపు, తలుపు మీద అంతుపట్టని పటం, లోపల ముసుగులేసుకున్న పన్నెండుమంది. పదమూడో కుర్చీ ఖాళీ. అది ఎవరి కోసమో మొదటి అధ్యాయంలోనే మాకు తెలిసిపోతుంది. మీకు మాత్రం చివరి సంపుటం దాకా తెలియదు. భవిష్యత్తును లెక్కగట్టే సంఘం కదా మీది!

నా అనుమానం ఒక్కటే. మీరు లెక్కలు చేస్తుండగా నేనింతవరకూ చూడలేదు. అంకెలు జపిస్తారు. గోడ మీద పై (π) విలువ చెక్కి దాని ముందు దీపం పెడతారు. బంగారు నిష్పత్తి మాటెత్తితే కళ్ళు అరమోడ్పులవుతాయి. కానీ ఏ కొత్త శిష్యుడో "గురువుగారూ, ఇది ఎందుకు నిజం?" అని అడిగితే మాత్రం "నీకింకా సమయం రాలేదు నాయనా" అంటారు. గణితమంటే ఆ ప్రశ్నే కదండీ. మీ సొరంగంలో అదొక్కటే నిషిద్ధం.

మీ వంశం సంగతి నాకు తెలుసు. మూలపురుషుడు పైథాగరస్. క్రీస్తుపూర్వం 530 ప్రాంతంలో దక్షిణ ఇటలీలోని క్రోటన్‌లో మఠం పెట్టాడు. చిక్కుడు జాతి గింజలు తినకూడదు, కత్తితో నిప్పు కెలకకూడదు, కొలపాత్ర మీద కూర్చోకూడదు అని నియమాలు. కొత్తగా చేరినవాళ్ళు ఐదేళ్ళు నోరు మెదపకూడదని కూడా తర్వాతివాళ్ళు రాశారు. (మీ సంఘంలోనూ ఇదే పద్ధతి. ఐదేళ్ళు ప్రశ్న అడగనివాడు ఆ తర్వాత అడుగుతాడని ఎలా అనుకుంటారో!) ఒకటి, రెండు, మూడు, నాలుగు చుక్కలు వరసగా పేరిస్తే పది వస్తుంది కాబట్టి పది పవిత్రం. ఆ ముక్కోణపు బొమ్మ మీదే ప్రమాణాలు. మరి ఆకాశంలో తిరిగేవి కూడా పది ఉండాలి కదా! ఎంత లెక్కపెట్టినా తొమ్మిదే తేలాయి. అందుకని ఎవరికీ కనిపించని ప్రతిభూమి ఒకటి ఉందని తేల్చేశారు. ఈ సంగతి చెప్పి విసుక్కున్నవాడు అరిస్టాటిల్. మీ కథల్లో కూడా ప్రతిసారీ ఓ రెండో చంద్రుడు ఎందుకు ఉదయిస్తాడో నాకప్పుడు అర్థమైంది.

ఆ మఠంలోనే చతురస్రం కర్ణం దాని భుజానికి ఎన్ని రెట్లో చెప్పబోతే ఏ భిన్నానికీ లొంగదని తెలిసి, గుట్టు బయటపెట్టిన హిప్పాసస్ సముద్రంలో మునిగిపోయాడని కథ. కథేనని చరిత్రకారులంటారు, మీకు మాత్రం అది రాజ్యాంగం. ఒక్కమాట అడుగుతాను. ఆయన్ని ముంచేస్తే కర్ణం లొంగిందా? ఇసుకలో పుల్లతో చతురస్రం గీసి, కాస్త ఓపిగ్గా కూర్చున్న ఎవడికైనా అదే జవాబు వస్తుంది. మీ ప్రతినాయకుడి మీద నాకు జాలి వేసేది ఇక్కడే. మహామంత్రమున్న చర్మపత్రం కోసం మూడు సంపుటాల పాటు కోటలు తగలబెడతాడు. తీరా విప్పి చూస్తే అందులో ఉండేది ఓ సమీకరణం! ఇంట్లో కూర్చుని సాధించుకుంటే సైన్యం ఖర్చయినా మిగిలేది.

ఇక మీ తాయెత్తుల వ్యవహారం. 220ని నిశ్శేషంగా భాగించే సంఖ్యల్ని, దాన్ని వదిలేసి, కూడితే 284. 284కి అలాగే చేస్తే 220. స్నేహ సంఖ్యలు. ఈ రెంటినీ రాసి ఇద్దరి దగ్గర ఉంచితే ప్రేమ పుడుతుందని మధ్యయుగాల్లో నమ్మినవాళ్ళున్నారు. మీ నవలల్లోనూ నాయికానాయకుల ఉంగరాల మీద ఇలాంటివే చెక్కి ఉంటాయి. బాగుంది. అయితే తొమ్మిదో శతాబ్దంలో థాబిత్ ఇబ్న్ ఖుర్రా అనే ఆయన ఇలాంటి జంటల్ని పుట్టించే సూత్రం ఒకటి చెప్పి, నిరూపణతో సహా రాసిపెట్టాడు. ఉంగరాలమ్ముకునే మీకు అది పట్టలేదు. ఆ తర్వాత గణితంలో పెద్దపేరున్న ఫెర్మా, డెకార్ట్ చెరొక జంటా పట్టుకొచ్చారు, ఆయిలర్ డజన్లకొద్దీ పట్టాడు. అంతా అయ్యాక 1866లో నికొలో పగనీని అనే పదహారేళ్ళ కుర్రాడు 1184, 1210 జంటను బయటపెట్టాడు. 220, 284 తర్వాత అన్నిటికంటే చిన్న జంట అదే! మహామహుల కళ్ళెదుటే కూర్చుని ఉంది. ఆ కుర్రాడికి ముసుగు లేదు, భుజం మీద పుట్టుమచ్చ ఉన్నట్టూ దాఖలా లేదు.

రహస్యం దాచడం మీకు చేతకాదని కూడా ఈ సందర్భంలోనే మనవి చేసుకుంటాను. పదహారో శతాబ్దపు ఇటలీలో షిపియోనె దెల్ ఫెర్రో అనే గణితజ్ఞుడు ఘన సమీకరణం (తెలియని సంఖ్య ఘనం ఉండేది) సాధించే దారి కనుక్కుని, 1526లో పోయేదాకా అచ్చు వెయ్యలేదు. దారి మళ్ళీ సొంతంగా కనుక్కున్నవాడు టార్టాలియా. కార్డానో అనే ఇంకో గణితజ్ఞుడి చేత ఎవరికీ చెప్పనని ఒట్టు వేయించుకుని, 1539లో పద్యంలో పెట్టి చెప్పాడు. 1545 కల్లా కార్డానో పుస్తకంలో అచ్చయింది! ఈలోగా దెల్ ఫెర్రో రాతలు కార్డానో కంటపడ్డాయి. ఇది ముందే ఇంకొకరికి తెలిసినది కాబట్టి ఒట్టు తప్పినట్టు కాదని ఆయన సమర్థన. ఒట్లు, పద్యాలు, పగలు... మీ సంపుటాల్లో డ్రాగన్లు తప్ప మిగతాదంతా ఇక్కడే ఉంది.

మీకంటే గట్టి తాళాలున్న చోటా ఇదే జరిగింది. బ్రిటన్ గూఢచార సంస్థలో క్లిఫర్డ్ కాక్స్ 1973లో ఒక సంకేతలిపి పద్ధతి కనిపెట్టాడు. ఇంట్లో ఉండగా తట్టిందట. ఆఫీసు సంగతులు ఇంట్లో కాగితం మీద పెట్టకూడదు కాబట్టి రాత్రంతా బుర్రలోనే మోశాడు. సంస్థ దాన్ని బీరువాలో పెట్టింది. 1977లో అమెరికాలో ముగ్గురు అదే పద్ధతిని సొంతంగా కనిపెట్టి లోకమంతటికీ చెప్పేశారు. బీరువా తాళం తీసింది 1997లో. అప్పటికి లోపలున్న రహస్యం బయట అందరికీ పాఠమైపోయింది.

రహస్య సంఘం అసలు పెట్టనేకూడదని నేననను. 1930ల్లో ఫ్రాన్స్‌లో కొందరు కుర్ర గణితజ్ఞులు నికొలా బూర్బాకీ అనే లేని మనిషి పేరుతో ఒకటి పెట్టారు. యాభై ఏళ్ళు నిండినవాడు తప్పుకోవాలి. (మీ పెద్దాయన వయసు మూడు వందల ఏళ్ళు. పదవి వదలడు, పాఠం చెప్పడు.) సమావేశాల్లో ఒకరి మీద ఒకరు అరుచుకునేవాళ్ళు. ఒకరి రాతను ఇంకొకరు చీల్చి చెండాడాకే అది అచ్చుకి వెళ్ళేది. బూర్బాకీ అనేవాడే లేడని రాల్ఫ్ బోయస్ అనే అమెరికా గణితజ్ఞుడు రాస్తే, బోయస్ అనేవాడే లేడని ఎదురు ప్రచారం చేశారు. ఇంత కొంటెతనం చేసినా వాళ్ళు దాచింది పేర్లే. గణితం అంతా, నిరూపణలతో సహా, పుస్తకాల్లో ఉంది. మీరు సరిగ్గా తలకిందులు. మీ పేర్లు, బిరుదులు, ముసుగుల రంగులు అనుబంధంలో నాలుగు పేజీలుంటాయి, గణితం ఒక్క పంక్తి ఉండదు.

అందుకని వచ్చే సంపుటంలో చిన్న మార్పు కోరుతున్నాను. ఇనుప తలుపు ఉండనివ్వండి, ముసుగులూ ఉండనివ్వండి. లోపల ఒక నల్లబల్ల పెట్టించండి. దాని మీద ఎవరైనా ఏదైనా తప్పు రాయాలి, వెనక వరసలోంచి ఎవరో ఒకరు అది తప్పని అనాలి, పెద్దాయన గడ్డం నిమురుకోవడం మానేసి లేచివచ్చి తుడవాలి. ఆ పేజీ కోసం ఎంత మందపు పుస్తకమైనా కొంటాను.

సభ్యత్వం కోసం నా దరఖాస్తు దీనితో జతచేశాను. అర్హతల గడిలో "ఎందుకు అని అడుగుతాడు" అని రాశాను. తిరస్కరించే అధికారం మీకుంది. కాకపోతే క్రోటన్‌లో సైలాన్ అనే పెద్దమనిషిని కూడా ఇలాగే చేర్చుకోలేదట. తర్వాత మఠం మీదికి జనాన్ని ఎగదోసింది ఆయనేనని, వాళ్ళు సమావేశమైన ఇల్లు తగలబడిందని పాత రాతల్లో ఉంది. బెదిరింపేమీ కాదు. మీకు చరిత్ర మీద గౌరవం ఎక్కువ కదా అని గుర్తుచేశానంతే.

ఇట్లు,
తమ విధేయుడు,
పదమూడో కుర్చీ అక్కర్లేని ఒక పాఠకుడు